నియమాలు, వాటిని తెంచే శరీరం: అంగెలికీ పపూలియా సినిమాలు

గ్రీకు దర్శకుడు యోర్గోస్ లాంతిమోస్ ఎవరో ఇప్పుడు తెలుగు సినిమా ప్రియులకు పెద్దగా చెప్పక్కర్లేదు. ‘ది ఫేవరిట్’, ‘పూర్ థింగ్స్’ ఓటీటీలో చూసి, ఈ వింత ధోరణి ఎక్కడ మొదలైందా అని వెనక్కి వెతుక్కుంటూ పోయినవాళ్లు చివరికి 2009 నాటి గ్రీకు సినిమా ‘డాగ్‌టూత్’ దగ్గర ఆగుతారు. అందులో పెద్ద కూతురి పాత్ర వేసిన నటిని ఒక్కసారి చూస్తే మర్చిపోవడం కష్టం. పేరు మాత్రం చాలామందికి గుర్తుండదు. ఆమె అంగెలికీ పపూలియా.

ఆ తర్వాత లాంతిమోస్ లండన్ వెళ్లిపోయాడు. ఇంగ్లిష్ సినిమాలు తీశాడు, ఒలీవియా కోల్మన్, ఎమ్మా స్టోన్ అతని సినిమాలతో ఆస్కార్లు అందుకున్నారు. పపూలియా మాత్రం ఏథెన్స్‌లోనే ఉండి, నాటకాలు వేసుకుంటూ, రెండేళ్లకో మూడేళ్లకో ఒక చిన్న సినిమా చేస్తూ వచ్చింది. ఈ రెండు దారులనూ పక్కపక్కన పెట్టి, దర్శకుడు ఎదిగాడు, నటి అక్కడే ఉండిపోయింది అని తేల్చేయడం సులువు. కానీ 2009 నుంచి 2024 దాకా ఆమె చేసిన సినిమాలను వరసగా చూస్తే అది ఎంత తొందరపాటు తీర్పో తెలుస్తుంది. ఎవరో పెట్టిన నియమాల మధ్య బతికే మనిషిని పట్టుకుని, ఆ మనిషి ఎక్కడ తెగుతుందో శరీరంతో చూపించడం అన్న ఒకే పనిని ఆమె పదిహేనేళ్లుగా, ఒక్కోసారి ఒక్కోలా చేస్తోంది. ఆ పని ఒంటరిగా చేయలేదు. చుట్టూ ఉన్నవాళ్లు దాదాపు ఎప్పుడూ ఒకే నలుగురైదుగురు.

అందుకని ఆమె కథను లాంతిమోస్‌తో మొదలుపెట్టకూడదు. 2004తో మొదలుపెట్టాలి.

బ్లిట్జ్ అనే బృందం

ఆ ఏడాది ఏథెన్స్‌లో పపూలియా, క్రిస్తోస్ పసాలిస్, యోర్గోస్ వలాయిస్ ముగ్గురూ కలిసి బ్లిట్జ్ అనే నాటక బృందం పెట్టారు. దానికి దర్శకుడంటూ ఒకరు లేరు. రాయడం, దర్శకత్వం, నటన మూడూ ముగ్గురివీ. నాటకం ఇలాగే ఉండాలని ముందే ఒప్పుకున్న ఏ సంగతినీ అలాగే తీసుకోకూడదన్నది వాళ్ల పట్టుదల. రష్యన్ నాటక రచయిత చెహోవ్‌ను తీసుకున్నా, ‘డాన్ కిహోటీ’ రాసిన సెర్వాంటెస్‌ను తీసుకున్నా, అసలు రచననే ఎత్తి పక్కన పెట్టి తమ ప్రశ్నలతో మొదలుపెట్టేవారు. 2012లో వచ్చిన ‘లేట్ నైట్’లో పాడుబడిన ఒక హాల్లో జంటలు వాల్ట్జ్ ఆడుతూనే ఉంటాయి. బయట యూరప్ కూలిపోయింది. నడుమ నడుమ ఆగి ఏవేవో జ్ఞాపకాలు చెబుతారు, మళ్లీ ఆడతారు. కథ అని చెప్పుకోవడానికి పెద్దగా ఏమీ లేదు. అలసిపోయిన శరీరాలు, పదేపదే వచ్చే అడుగులు, వాటి మధ్య ముక్కలుముక్కలుగా మాటలు. ఆ నాటకం యూరప్‌లో చాలా ఊళ్లు తిరిగింది.

ఇలాంటి చోట తయారైన నటికి ఒక అలవాటు పడుతుంది. పాత్ర చిన్నప్పుడు ఏం జరిగింది, ఎందుకు ఇలా అయింది, లోపల ఏ బాధ ఉంది అన్న ప్రశ్నలతో ఆమె మొదలుపెట్టదు. ఈ మనిషి ఇప్పుడు ఏం చేస్తోంది, దేన్ని పట్టుకుంది, ఎంతసేపు చేస్తుంది అన్నదే ముందు. చేసిన పని తప్పుపట్టలేనంత కచ్చితంగా ఉంటే భావం ప్రేక్షకుడే వెతుక్కుంటాడు. ఒక పాత్ర ఎలా ఉండాలో దర్శకుడు వచ్చి వివరించాలని ఎదురుచూసే అలవాటు కూడా ఉండదు, ఎందుకంటే తన బృందంలో ఆమె కూడా దర్శకురాలే. లాంతిమోస్‌కు సరిగ్గా ఇలాంటివాళ్లే కావాలి. అతను రిహార్సల్స్‌లో పాత్రల మనస్తత్వం మీద చర్చలు పెట్టడు, ఆటలు ఆడిస్తాడు. ‘డాగ్‌టూత్’లో కొడుకు పాత్ర వేసింది పసాలిస్. ఇద్దరూ బ్లిట్జ్ వాళ్లే కావడం యాదృచ్ఛికం అనుకోలేం. ఆ సినిమాలోని అన్నాచెల్లెళ్ల మధ్య కనిపించే విచిత్రమైన చనువు, ఒకే గదిలో ఏళ్ల తరబడి కలిసి పనిచేసినవాళ్ల మధ్య తప్ప రాదు.

పన్ను, డంబెల్, నాట్యం

సినిమా చూడనివాళ్ల కోసం కథ క్లుప్తంగా. చూడాలనుకునేవాళ్లు ఈ భాగం దాటేయొచ్చు. ఊరి బయట పెద్ద ఇల్లు, చుట్టూ ఎత్తైన గోడ. ముగ్గురు పిల్లలు, ముగ్గురూ పెద్దవాళ్లయిపోయారు, కానీ ఎప్పుడూ గేటు దాటలేదు. కోరపన్ను ఊడిపోయిన రోజున బయటకు వెళ్లొచ్చని తండ్రి చెప్పాడు. కోరపన్ను దానంతటది ఊడదు కదా. మాటలకు కూడా తల్లిదండ్రులు తమకు నచ్చిన అర్థాలు నేర్పారు. సముద్రం అంటే చేతులున్న తోలు కుర్చీ. జాంబీ అంటే చిన్న పసుప్పచ్చ పువ్వు. ఆకాశంలో వెళ్లే విమానం ఎప్పుడో ఒకప్పుడు తోటలో పడుతుంది, ఎవరికి దొరికితే వాళ్లది. పిల్లి అన్నిటికన్నా భయంకరమైన జంతువు.

తండ్రి తన ఫ్యాక్టరీలో సెక్యూరిటీ పనిచేసే క్రిస్టీనాను కొడుకు కోసమని ఇంటికి తీసుకొస్తుంటాడు. బయటి ప్రపంచం ఆమెతో పాటు ఆ ఇంట్లోకి దూరుతుంది. పెద్ద కూతురు ఆమె దగ్గర వీడియో క్యాసెట్లు సంపాదిస్తుంది. హాలీవుడ్ సినిమాలు. వాటిలోని డైలాగులు అప్పజెప్పుకుంటుంది, తనకు తాను ఒక పేరు పెట్టుకుంటుంది. ఆ ఇంట్లో పిల్లలకు పేర్లు లేవు.

ఈ పాత్ర వేసేనాటికి పపూలియా ముప్పై దాటిన మనిషి. ఆ సంగతి చిన్నది కాదు. నిజంగా పదహారేళ్ల అమ్మాయి చేసి ఉంటే మనం జాలిపడి ఊరుకునేవాళ్లం. ఎదిగిన ఆడమనిషి శరీరం, ఎనిమిదేళ్ల పిల్ల నడక, తప్పు చేసి దొరికిపోయిన పిల్ల నిలబడే తీరు కలిసి కనిపించేసరికి ఆ ఇంట్లో ఎన్నేళ్లు వృథా అయ్యాయో ఎవరూ చెప్పకుండానే కళ్ల ముందుకొస్తుంది. చెల్లెలి పాత్ర వేసిన మేరీ త్సోనీ గాయని కూడా, 2017లో చనిపోయింది. ఆమెతో కలిసి పపూలియా చేసిన సన్నివేశాల్లో ఇద్దరిదీ ఒకే లయ. 2009లో సారాయెవో చిత్రోత్సవంలో ఉత్తమ నటి అవార్డును ఇద్దరికీ కలిపి ఇచ్చారు. సరైన పని.

సినిమా మొత్తానికీ ఆయువుపట్టు తల్లిదండ్రుల పెళ్లిరోజు నాట్యం. కొడుకు గిటార్ వాయిస్తాడు, కూతుళ్లిద్దరూ తల్లిదండ్రుల ముందు ఆడతారు. కాసేపటికి చెల్లెలు అలసిపోయి ఆగుతుంది. అక్క ఆగదు. క్యాసెట్లో చూసిన ‘ఫ్లాష్‌డాన్స్’ అడుగులు ఆ మొండి నాట్యంలోకి చొరబడతాయి. చేతులు ఒకవైపు, కాళ్లు ఒకవైపు, అడుగు తప్పుతుంది, తప్పిన అడుగును మళ్లీ వేస్తుంది. ముఖంలో కోపం లేదు, ఏడుపు లేదు. తల్లి ఇక చాలంటుంది. అప్పుడు ఆపి, కేకు గబగబా తింటుంది. ఆ రాత్రే డంబెల్‌తో తన కోరపన్ను తానే పగలగొట్టుకుంటుంది.

ఈ నాట్యంలో ‘తిరుగుబాటు’ను నటించి ఉంటే సినిమా అక్కడే చప్పబడేది. పపూలియా నటించింది పనిలో మునిగిపోవడాన్ని. ఆ పిల్లకు తను తిరగబడుతున్నానని తెలియదు, ఆ మాటే ఆమెకు ఎవరూ నేర్పలేదు. శరీరానికి మాత్రం తెలిసిపోయింది. చూస్తున్న మనకు ఊపిరి ఆడనిది అందుకే.

దాదాపు రెండున్నర లక్షల యూరోలతో తీసిన ఈ సినిమా 2009లో ఫ్రాన్స్‌లోని కాన్ చిత్రోత్సవంలో ‘అన్ సర్టెన్ రిగార్డ్’ విభాగంలో మొదటి బహుమతి గెలిచింది. తర్వాత విదేశీ భాషా చిత్రాల విభాగంలో ఆస్కార్ నామినేషన్ వచ్చింది. గ్రీస్‌కు అలాంటి నామినేషన్ రావడం 1977 నాటి ‘ఇఫిజీనియా’ తర్వాత అదే మొదలు.

‘ఇఫిజీనియా’ ప్రస్తావన ఊరికే రాలేదు. గ్రీకు నటి అంటే ప్రపంచానికి చాలాకాలం రెండు ముఖాలే గుర్తు. ఒకటి ‘నెవర్ ఆన్ సండే’తో 1960లో కాన్‌లో ఉత్తమ నటి అయి, తర్వాత దేశానికి సాంస్కృతిక శాఖ మంత్రి కూడా అయిన మెలీనా మెర్కూరి. ఆ నవ్వు, ఆ గొంతు. రెండోది ఇరీనీ పపాస్. ‘ఎలెక్ట్రా’లో, ‘జోర్బా’లో నల్ల బట్టల్లో, కత్తిలాంటి కళ్లతో, ప్రాచీన విషాద నాటకాల్లోంచి లేచి వచ్చినట్టుండే నటి. ‘ఇఫిజీనియా’లో కూతురిని భర్త బలివ్వబోతుంటే తల్లడిల్లే తల్లి క్లైటెమ్నెస్ట్రా ఆమే. ఇద్దరిదీ ఉప్పొంగే నటన. పపూలియా దానికి పూర్తి ఎదురు కొస. కన్ను పెద్దగా ఆర్పదు, గొంతు పెంచదు. విషాదం అదే, తండ్రి చేతిలో కూతురి బలి అదే. ఏడుపు మాత్రం తీసేశారు.

చనిపోయినవాళ్ల బదులు

2011లో వచ్చిన ‘ఆల్ప్స్’లో ఆమెది నర్సు పాత్ర. ఒక చిన్న గుంపు. ఎవరైనా చనిపోతే, వాళ్ల ఇంటికి వెళ్లి, డబ్బు తీసుకుని, చనిపోయిన మనిషిలా కొన్ని గంటలు ప్రవర్తిస్తారు. ఆ మనిషి బట్టలు వేసుకుని, వాడిన మాటలు అప్పజెబుతారు. గుంపుకు నాయకుడు, కఠినమైన నియమాలు, ఒక్కొక్కరికి ఒక్కో పర్వతం పేరు. ప్రమాదంలో చనిపోయిన ఓ టెన్నిస్ అమ్మాయి తల్లిదండ్రుల దగ్గరికి నర్సు గుంపుకు చెప్పకుండా వెళ్లడం మొదలుపెడుతుంది.

నటన గురించి నటి చేసిన సినిమా ఇది అని చాలామంది అన్నారు. అది నిజమే కానీ సగమే. ఇందులో పపూలియా చేసింది అంతకన్నా కష్టమైన పని. చెడ్డగా నటించే మనిషిని నటించాలి. నర్సు తన క్లయింట్ల ముందు డైలాగులు చెబుతుంటే అవి చెక్కముక్కల్లా పడతాయి. ఇంగ్లిష్ మాటలు అప్పజెబుతుంటే మరీ. అయినా ఆ చెక్కముక్కల మధ్య ఒక చోట, ఆ ఇల్లు నిజంగా తనదైతే బాగుండునన్న ఆశ దొరికిపోతుంది. ఎక్కడ దొరికిందో చెప్పడం కష్టం. చివర్లో నాయకుడు ఆమె ముఖం మీద కొడతాడు, గుంపులోంచి గెంటేస్తారు. ఆమె అద్దం పగలగొట్టుకుని ఆ టెన్నిస్ అమ్మాయి ఇంట్లోకి దూరుతుంది. ‘డాగ్‌టూత్’లో బయటకు పోవడానికి ఒళ్లు గాయపరుచుకున్న నటే, ఇక్కడ లోపలికి రావడానికి అదే పని చేస్తుంది. వెనిస్ చిత్రోత్సవంలో ఈ సినిమాకు ఉత్తమ స్క్రీన్‌ప్లే అవార్డు వచ్చింది. లాంతిమోస్ తీసినవాటిలో ఇది తక్కువ మంది చూసినది. పపూలియా వైపునుంచి చూస్తే ‘డాగ్‌టూత్’ కన్నా లోతైనది ఇదే.

‘వింత’ అనే ముద్ర

2011లోనే బ్రిటిష్ పత్రిక గార్డియన్‌లో ఒక వ్యాసం ఈ సినిమాలన్నిటికీ కలిపి ‘గ్రీక్ వియర్డ్ వేవ్’ అని పేరు పెట్టింది. ముద్ర బాగా అతుక్కుపోయింది. దానివల్ల లాభం లేకపోలేదు. చిత్రోత్సవాల్లో గ్రీకు సినిమా అంటే ఒక ఆసక్తి వచ్చింది. ఆతినా రాహెల్ త్సంగారీ తీసిన ‘ఆటెన్‌బర్గ్’కు 2010లో వెనిస్‌లో ఆరియన్ లబెద్ ఉత్తమ నటి అయింది. 2013లో ‘మిస్ వయొలెన్స్’కు అదే చోట ఉత్తమ దర్శకుడు, ఉత్తమ నటుడు అవార్డులు రెండూ వచ్చాయి.

నష్టం నటులకు జరిగింది. ‘వింత’ అనేసరికి వాళ్ల పని మొత్తం దర్శకుడి వింత బుర్రలోంచి వచ్చిందన్నట్టు లెక్క కట్టారు. భావం లేని ముఖం పెట్టుకుని డైలాగు చెప్పడమే కదా, అదేం కష్టం అన్నట్టు.

ఆ సినిమాలు పుట్టిన నేలను కూడా ఆ ముద్ర కప్పేసింది. 2009 చివర్లో దర్శకులు, నిర్మాతలు ఒక గుంపుగా ఏర్పడి, దానికి ‘ఫాగ్’ అని పేరు పెట్టుకుని, ప్రభుత్వ సినిమా అవార్డుల పద్ధతి మారాలంటూ థెస్సలొనీకి చిత్రోత్సవాన్ని బహిష్కరించారు. ఆ గొడవలోంచే హెలెనిక్ ఫిల్మ్ అకాడమీ పుట్టింది, 2010లో కొత్త సినిమా చట్టం వచ్చింది. అదే ఏడాది మే నెలలో గ్రీస్ 11,000 కోట్ల యూరోల అప్పు ఒప్పందం మీద సంతకం పెట్టింది. 2013కల్లా నిరుద్యోగం 27 శాతం దాటింది. ఆ జూన్‌లో ప్రభుత్వ టీవీ సంస్థ ఈఆర్‌టీని రాత్రికి రాత్రి మూసేశారు. ఎన్నో గ్రీకు సినిమాలకు సహ నిర్మాత ఆ సంస్థే. ఒకరి సినిమాలో మరొకరు నటించడం, ఒకరి సినిమాకు మరొకరు నిర్మాతగా నిలబడటం అక్కడ ముచ్చట కోసం మొదలైంది కాదు. త్సంగారీ ‘ఆల్ప్స్’కు నిర్మాత. లాంతిమోస్ ‘ఆటెన్‌బర్గ్’లో నటుడు. డబ్బు లేనిచోట మనుషులే పెట్టుబడి.

‘ఎ బ్లాస్ట్’

పపూలియా ముఖంలో భావం ఉండదు అనుకునేవాళ్లకు 2014 నాటి ఈ సినిమా గట్టి జవాబు. దర్శకుడు సిల్లాస్ జుమెర్కాస్. అతనితో కలిసి రాసింది యూలా బూదాలి. స్విట్జర్లాండ్‌లోని లోకార్నో చిత్రోత్సవంలో పోటీ విభాగంలో ఆడింది.

మారియాకు ముగ్గురు పిల్లలు. భర్త ఓడ మీద పనిచేస్తాడు, నెలల తరబడి ఇంట్లో ఉండడు. చక్రాల కుర్చీలో ఉండే తల్లి నడిపిన కొట్టు మీద ఏళ్ల తరబడి పేరుకుపోయిన బాకీ ఉందని, అది ఇంట్లో ఎవరికీ చెప్పకుండా దాచిందని మారియాకు ఓ రోజు తెలుస్తుంది. ఒకప్పుడు లా చదువుదామనుకున్న అమ్మాయి. ఇప్పుడు పన్ను కార్యాలయాల చుట్టూ తిరగడం. చెల్లెలి భర్త నెమ్మదిగా ఫాసిస్టు గుంపు వైపు జారిపోతుంటాడు. కథ వరసగా సాగదు. పెళ్లి తొలిరోజుల కామం, అప్పుల కాగితాలు, కాలిపోతున్న అడవి, హైవే మీద దూసుకుపోతున్న కారు అన్నీ ముందువెనకలు లేకుండా ఒకదాని మీద ఒకటి పడతాయి.

ఇక్కడ పపూలియా అరుస్తుంది, నవ్వుతుంది, తిడుతుంది, కొడుతుంది, ప్రేమిస్తుంది. భర్తతో ఉన్న సన్నివేశాల్లో ఆమెకు సిగ్గూ లేదు, అలంకారమూ లేదు. పదేళ్ల తేడా ఉన్న రెండు మారియాలు పక్కపక్క షాట్లలో వస్తారు, మేకప్ పెద్దగా మారదు. భుజాలు మారతాయి. మొదటి మారియా భుజాలు వెనక్కి ఉంటాయి, ఎదురొచ్చేదేదైనా రానీ అన్నట్టు. రెండో మారియా మెడ ముందుకు వచ్చేసింది, ఎప్పుడూ ఎవరితోనో గొడవకు సిద్ధంగా ఉన్న మనిషి మెడ.

ఇందులో నియమాలు తండ్రి పెట్టినవి కావు, ఏ గుంపూ పెట్టలేదు. ఇల్లు, పిల్లలు, అమ్మానాన్నల పరువు, బాకీ. వాటిని ఆమె తెంచుకున్న తీరు ఏ కుటుంబ కథా క్షమించదు. పిల్లలను చెల్లెలి దగ్గర వదిలేసి వెళ్లిపోతుంది. సినిమా ఆమెను సమర్థించదు, శిక్షించదు. పపూలియా కూడా ప్రేక్షకుడి జాలి కోసం ఒక్క చూపు కూడా విసరదు. ఆర్థిక సంక్షోభం మీద గ్రీస్‌లో వచ్చిన సినిమాల్లో ఇంత కోపం ఉన్నది ఇంకోటి దొరకడం కష్టం. ఆ కోపం స్క్రిప్టులో ఎంత ఉందో గానీ, తెరమీద ఉన్నదంతా ఆమెదే.

నియమానికి అటువైపు

2015లో లాంతిమోస్ మొదటి ఇంగ్లిష్ సినిమా ‘ది లాబ్‌స్టర్’ కాన్‌లో జ్యూరీ బహుమతి గెలిచింది. కోలిన్ ఫారెల్, రేచల్ వైజ్ లాంటి పెద్ద పేర్ల మధ్య పపూలియాకు దొరికింది చిన్న పాత్ర. పేరు కూడా లేదు, జాలిలేని స్త్రీ అంతే. నలభై అయిదు రోజుల్లో జోడీ దొరక్కపోతే జంతువుగా మార్చేసే హోటల్లో, అడవిలో ఒంటరివాళ్లను వేటాడటంలో అందరికన్నా ఆరితేరిన మనిషి ఆమె. ఇన్నాళ్లూ నియమాల కింద నలిగిన నటి ఇక్కడ తానే నియమం అయిపోయింది. హీరో తనకూ జాలి లేదని నటించి ఆమెతో జోడీ కడతాడు. నిజంగా ఉందో లేదో తేల్చుకోవడానికి ఆమె ఒక ఉదయం చేసే పని సినిమాలో అన్నిటికన్నా దారుణమైన సన్నివేశం. ఆ పని గురించి ఆమె చెప్పే తీరులో కసి ఉండదు, పొద్దున్నే టిఫిన్ అయిందని చెప్పినట్టు ఉంటుంది.

హాలీవుడ్ ఇలాంటి నటిని చూసి ఏం చేస్తుందో ఊహించడం పెద్ద కష్టం కాదు. యాసతో మాట్లాడే క్రూరమైన యూరప్ ఆడమనిషి పాత్రలు వరసగా ఇస్తుంది. ఆ దారిలో ఆమె నడవలేదు.

నాలుగేళ్ల తర్వాత, 2019లో, మళ్లీ జుమెర్కాస్‌తో ‘ది మిరకిల్ ఆఫ్ ది సర్గాసో సీ’ చేసింది. బెర్లిన్ చిత్రోత్సవంలో పనోరమా విభాగంలో వచ్చింది. జరిగే చోటు మెసొలోంగి. గ్రీకులకు ఆ ఊరు పేరు వినగానే గ్రీకు స్వాతంత్ర్య యుద్ధంలో 1826 నాటి ముట్టడి, 1824లో అక్కడే చనిపోయిన ఇంగ్లిష్ కవి బైరన్ గుర్తొస్తారు. బడి పిల్లలు పాఠంగా చదివే పవిత్ర స్థలం. సినిమాలో కనిపించేది చిత్తడి మడుగులు, ఈల్ చేపల ఫ్యాక్టరీ, రాత్రి క్లబ్బులు, ఒకరి రహస్యాలు ఇంకొకరికి తెలిసి కూడా నోరు విప్పని జనం. ఈల్ చేపలు ఈ నీళ్లలో ఏళ్లు బతికి, ఒకనాటికి అట్లాంటిక్ దాటి సర్గాసో సముద్రానికి ఈదుకుంటూ పోయి, గుడ్లు పెట్టి చనిపోతాయి. ఊరి ఆడవాళ్లకు ఆ దారి కూడా లేదు.

పపూలియాది ఎలిజబెత్ అనే పోలీసు అధికారి పాత్ర. ఏథెన్స్‌లో ఉగ్రవాద నిరోధక విభాగంలో పనిచేసి, అక్కడినుంచి ఈ ఊరికి గెంటేయబడి పదేళ్లయింది. తాగుడు, బూతులు, ఎదిగిన కొడుకు. చట్టాన్ని కాపాడే మనిషే దాన్ని అందరికన్నా తక్కువ లెక్క చేస్తుంది. హ్యాంగోవర్‌తో నిద్ర లేచే పోలీసు అధికారి తెరమీద కొత్త కాదు, కానీ అలాంటివాళ్లు చాలావరకు మగవాళ్లు, వాళ్ల తాగుడు వెనక ఎప్పుడూ ఒక గొప్ప దుఃఖం ఉంటుంది. ఎలిజబెత్‌ది దుఃఖం కాదు, విసుగు. ఆమెకు ఎదురుగా రీటా, ఈల్ ఫ్యాక్టరీలో పనిచేసే నోరులేని మనిషి. ఆ పాత్ర వేసింది సహ రచయిత్రి యూలా బూదాలి. ఇందులోనూ పసాలిస్ ఉన్నాడు. సినిమా మధ్యలో కలలు, బైబిల్ దృశ్యాలు పెట్టి జుమెర్కాస్ కాస్త అతి చేశాడనిపిస్తుంది. నిలబెట్టింది ఆ ఇద్దరు ఆడవాళ్లే.

మధ్యలో ఖాళీలు

కాన్ 2009, వెనిస్ 2011, లోకార్నో 2014, కాన్ 2015, బెర్లిన్ 2019. ఆ తేదీల మధ్య ఏళ్లు చూస్తే స్వతంత్ర సినిమాలో నటి బతుకు ఎలా ఉంటుందో అర్థమవుతుంది. ఇలాంటి సినిమాకు డబ్బు ఒక్క దేశంలో దొరకదు. గ్రీక్ ఫిల్మ్ సెంటర్ కొంత, జర్మనీ, నెదర్లాండ్స్ లాంటి దేశాల నిధులు కొంత, ఏదో టీవీ ఛానల్ కొంత. అవన్నీ ఒక చోటికి వచ్చేసరికి మూడు నాలుగేళ్లు పడుతుంది. అన్నాళ్లూ నటి ఎదురుచూడాలి, పైగా ఆ పాత్రకు తగ్గ మనిషిగా మిగిలి ఉండాలి. ఈ ఖాళీలను చాలామంది సీరియళ్లతో నింపుకుంటారు, అందులో తప్పేమీ లేదు. పపూలియాకు నింపుకోవడానికి బ్లిట్జ్ ఉండేది. నాటకం ఆమెకు సినిమాకు మెట్టు కాలేదు. సినిమాల మధ్య ఆధారం అదే, సినిమాకు ముడిసరుకూ అదే.

2022 మాత్రం ఒక్కసారిగా నిండిపోయింది. ఏళ్ల తరబడి పక్కన నటించిన పసాలిస్ సొంతంగా దర్శకుడై తీసిన ‘సైలెన్స్ 6–9’ చెక్ దేశంలోని కార్లోవి వారీ చిత్రోత్సవంలో పోటీలో నిలిచింది. నాయకుడు, నాయిక పసాలిస్, పపూలియాలే. సగం ఖాళీ అయిపోయిన ఊరు, తప్పిపోయిన మనుషుల గొంతులను ప్రసారం చేసే యాంటెనాలు, రాత్రుళ్లు వాటిని వినే జనం. ‘ఆల్ప్స్’కు దూరపు చుట్టం లాంటి కథ, కానీ అందులో లేని మెత్తదనం ఇందులో ఉంది. చాలా ఏళ్లుగా ఒకరి శ్వాస ఒకరికి తెలిసిన ఇద్దరు నటులు ప్రేమకథ చేస్తే మాటలు ఎంత తక్కువ సరిపోతాయో చూడొచ్చు.

అదే ఏడాది లోకార్నోలో జర్మన్ దర్శకురాలు హెలెనా విట్‌మన్ సినిమా ‘హ్యూమన్ ఫ్లవర్స్ ఆఫ్ ఫ్లెష్’ వచ్చింది. గ్రీకు బృందం వదిలి పపూలియా వేసిన పెద్ద అడుగు ఇది. ఐదుగురు మగవాళ్ల సిబ్బందితో తెరచాప ఓడ మీద బతికే ఈడా పాత్ర. ఫ్రాన్స్‌లోని మార్సే రేవులో ఫ్రెంచ్ ఫారిన్ లీజియన్ (విదేశీయులను చేర్చుకునే ఫ్రాన్స్ సైనిక దళం) సైనికులను చూసి, ఆ దళం జాడ పట్టుకుని కార్సికా మీదుగా అల్జీరియా దాకా వెళ్తుంది. కథ అంతకన్నా లేదు. 16 ఎంఎం ఫిల్మ్ మీద నీళ్లు, వెలుతురు, తాళ్లు, రాళ్లు. డైలాగులు వేళ్ల మీద లెక్కపెట్టొచ్చు. ఇక్కడ నియమాలు పెట్టేవాళ్లు లేరు, తెంచేదీ లేదు. ఈ సినిమాలో ఆమె నటన గురించి ఒప్పుకోవాల్సిన మాట ఒకటుంది. ఒత్తిడి లేనిచోట పపూలియా కొంచెం తేలిపోతుంది. చూడటం, వినడం, నిలబడటం అన్నీ అందంగానే ఉన్నాయి, కానీ ఆమె శరీరానికి తగలడానికి ఒక గోడ కావాలి. సముద్రంలో గోడ లేదు.

2024లో బెర్లిన్‌లో వచ్చిన యోర్గోస్ జోయిస్ సినిమా ‘ఆర్కేడియా’లో ఆ గోడ మళ్లీ దొరికింది. న్యూరాలజిస్టు కాతెరీనా, ఆమెతో వాంగెలిస్ మూరికిస్ చేసిన యాన్నిస్. ఒక కారు ప్రమాదంలో పోయిన మనిషిని గుర్తుపట్టడానికి, సీజన్ అయిపోయి వెలవెలబోతున్న సముద్రతీర ఊరికి కారులో వస్తారు. దారంతా ఆమె ఏదో అనుమానాన్ని పళ్ల బిగువున పట్టుకుని ఉంటుంది. ఈ కథకు ఒక మలుపు ఉంది కాబట్టి అది చెప్పకుండా ఉండటం న్యాయం. ఆ మలుపు తెలిశాక మొదటి ఇరవై నిమిషాలు మళ్లీ చూస్తే, కారులో ఆమె కూర్చున్న తీరు, చూపు ఎక్కడ ఆపింది, ఎవరి మాటకు ఎంత ఆలస్యంగా స్పందించింది అన్నీ వేరే అర్థంలో కనిపిస్తాయి. ఒకే నటనను రెండు అర్థాల్లో చదువుకునేలా, రెండింటిలోనూ అబద్ధం లేకుండా చేయడం చాలా నేర్పున్న పని.

ఆరియన్ లబెద్ దారి దీనికి భిన్నం. ఏథెన్స్‌లో పుట్టిన ఈ ఫ్రెంచ్ నటి ‘ఆల్ప్స్’లో, ‘ది లాబ్‌స్టర్’లో పపూలియాతో పాటే ఉంది. తర్వాత ఇంగ్లిష్, ఫ్రెంచ్ సినిమాల్లోకి వెళ్లింది, 2024లో ‘సెప్టెంబర్ సేస్’తో దర్శకురాలై కాన్‌కు వచ్చింది. మూడు భాషల్లో పనిచేయగలిగినవాళ్లకు ఆ దారి తెరుచుకుంటుంది. పపూలియా ఎక్కువగా గ్రీకులోనే, తెలిసిన మనుషులతోనే చేసింది. ఇందులో ఆమె ఎంపిక ఎంత, పరిస్థితి ఎంత అన్నది బయటినుంచి తేల్చలేం. తేల్చగలిగింది ఒకటే, జుమెర్కాస్ లాంటి దర్శకుడికి ఆమె లేకపోతే ఆ రెండు సినిమాలూ లేవు.

ఆమె సినిమాలు కొత్తగా మొదలుపెట్టేవాళ్లు చాలావరకు ‘డాగ్‌టూత్’తోనే మొదలుపెడతారు, దొరకడం కూడా అదే తేలిక. వీలైతే ‘ఎ బ్లాస్ట్’ ముందు చూడటం మంచిది. మారియా ఎంత గట్టిగా అరవగలదో, ఎంత ఒళ్లు మరిచి నవ్వగలదో విన్నాక ‘డాగ్‌టూత్’కు వెళ్తే, ఆ పెద్ద కూతురి నిశ్శబ్దం దర్శకుడు తగిలించిన ముసుగు కాదని, నటి లెక్కగా బిగించి పట్టుకున్నదని మొదటి రీల్‌లోనే పట్టుబడుతుంది. పిల్లలతో కలిసి చూసే సినిమాలు మాత్రం కావు, రెండూ.